అభ్యంతరం లేని చార్టు

బొమ్మ వెయ్యకుండా జిల్లాలో ప్రథమ బహుమతి తెచ్చుకున్న డ్రాయింగు మాస్టర్ని నేనొక్కణ్ణే. గొప్పకి చెప్పడం లేదు. మీటింగు హాల్లో అందరి ముందూ నాకు శాలువా కప్పారు, ఫొటో కూడా ఉంది. ఆ శాలువా మీద కనీసం నాలుగు పువ్వులైనా ఉన్నాయి. బహుమతి వచ్చిన నా చార్టు మీద అవి కూడా లేవు.

మాది సూరప్పలంక జిల్లా పరిషత్ హైస్కూలు. ఒక పక్క కాలవ, ఇంకో పక్క కొబ్బరితోటలు. ఎండాకాలం సెలవులు అయిపోయి స్కూలు తెరవగానే పైనుంచి ఒక సర్క్యులర్ దిగింది. "కౌమార దశయందు బాలబాలికలలో సంభవించు పరివర్తనలను గూర్చి శాస్త్రీయముగానూ, సమగ్రముగానూ, ఏ ఒక్కరికినీ ఎట్టి అభ్యంతరమూ కలుగని రీతిలోనూ అవగాహన కల్పించుటకై ప్రతి ఉన్నత పాఠశాలయందును ఒక చార్టు ప్రదర్శించవలెను" అని దాని సారాంశం. మొదటి రెండు షరతులూ చదువుకున్నవాళ్లు పెట్టి ఉంటారు. మూడోది ఉద్యోగం కాపాడుకునేవాళ్లు పెట్టి ఉంటారు.

అందరికంటే ఎక్కువ సంతోషించింది మా జీవశాస్త్రం టీచరు స్వరాజ్యం మేడం. ఆవిడ తలలో సగం నెరిసింది గానీ ఆ పాఠం చెప్పే భాగ్యం ఇంతవరకూ కలగలేదు. ఏటా పాఠం ఆ అధ్యాయం దగ్గరికి రాగానే మా హెడ్మాస్టరు విశ్వపతి గారికి సరిగ్గా ఆ పీరియడ్లోనే జెండా వందనం డ్రిల్లు గుర్తుకొచ్చేది. డ్రిల్లు అయ్యేసరికి తర్వాతి అధ్యాయం, పంటల తెగుళ్లు, మొదలయ్యేది. మా స్కూల్లో చదివిన పిల్లలకి వరికి వచ్చే అగ్గి తెగులు గురించి తెలిసినంత తమ ఒంటి గురించి తెలియకపోవడానికి కారణం ఇదే.

"ఈసారి పైనుంచే ఆర్డరొచ్చింది మాస్టారూ, ఇంక ఎవరూ ఆపలేరు" అంటూ మేడం ఏం వెయ్యాలో నా పక్కన కూర్చుని చెప్పింది. నేను ప్రాణం పెట్టి వేశాను. ఒక అబ్బాయి, ఒక అమ్మాయి, ఇద్దరూ యూనిఫాంలో. అబ్బాయికి నూనూగు మీసం, గొంతు దగ్గర చిన్న ఎత్తు, ఇద్దరికీ బుగ్గల మీద మొటిమలు. కింద పాఠ్యపుస్తకంలో ఉన్నట్టే గర్భాశయం బొమ్మ. దాని పక్కన మేడం తన చేతి రాతతో, నెలసరి జబ్బు కాదు, మైల కాదు అని రాసింది.

చార్టు చూపించగానే విశ్వపతి గారు కళ్లజోడు తీసి తుడుచుకుని మళ్లీ పెట్టుకున్నారు.

"మాస్టారూ, ఈ కిందున్నదేమిటండి?"

"గర్భాశయమండి."

ఆయన ఒక్కసారి కిటికీ వైపు చూశారు. "మెల్లగా అనండి. పిల్లలున్నారు."

"పిల్లల కోసమే కదండీ" అంది మేడం. "పుస్తకంలో ఉన్న బొమ్మే."

"పుస్తకమైతే మూసెయ్యొచ్చమ్మా. గోడ మీద చార్టుని ఎవరు మూస్తారు?"

గర్భాశయం పోయింది. కింద ఖాళీ అయిన చోట అందంగా ఉంటుందని రెండు చిలకలు వెయ్యమన్నారు. జంట చిలకలు వద్దని మళ్లీ ఆయనే అన్నారు. ఒక చిలక వేశాను.

ఆ వారమే మండల విద్యాధికారి జగదానందం గారు తనిఖీకి వచ్చారు. ఆయన సర్క్యులర్లు చదివీ చదివీ మామూలు మాటలు మర్చిపోయిన మనిషి. టీ కావాలన్నా "తేనీరు సరఫరా చేయగలరు" అంటారు. చార్టు ముందు చేతులు వెనక్కి కట్టుకుని నిలబడ్డారు.

"బాలుడు, బాలిక పక్కపక్కన నిలబడియున్నట్లు గమనించడమైనది."

"ఒకటే చార్టు కదండీ" అన్నాను.

"మధ్య దూరమెంత?"

"జానెడుంటుందండి."

"జానెడు చాలునని ఏ జీవోలో ఉన్నది?"

ఏ జీవోలోనూ లేదు. చార్టుని మధ్యకి కత్తిరించి అబ్బాయిని తూర్పు వరండాలో, అమ్మాయిని పడమటి వరండాలో తగిలించాం. మర్నాడు ఆయన మళ్లీ వచ్చారు.

"బాలుడు ఎటు చూచుచున్నాడు?"

"పక్కకండి. కానీ అటు ఇప్పుడు అమ్మాయి లేదు కదండీ."

"ఆమె ఉండిన చోటును చూచుచున్నాడు" అన్నారు.

ఇంత సూక్ష్మంగా బొమ్మని చూసిన మనిషి నాకు జీవితంలో తగల్లేదు. అబ్బాయిని అటు తిప్పి వీపు కనిపించేలా వేశాను. వీపు మీద మీసం కనిపించదు కాబట్టి ఆ మార్పు ఎగిరిపోయింది. మార్పు లేని అబ్బాయి చార్టులో ఎందుకని ఆయనే అడిగారు, అబ్బాయిని తీసేశాం. అప్పుడు ఒంటరిగా ఉన్న అమ్మాయి మీద అనుమానం వచ్చింది. ఆడపిల్ల ఒంటరిగా వరండాలో ఎంతసేపు నిలబడుతుంది? ఆమెనీ తీసేశాం. చిలక మిగిలింది. చిలకకీ ఈ పాఠానికీ సంబంధమేమిటని అడిగారు, అది మాత్రం న్యాయమైన ప్రశ్నే.

"పోనీ మందార పువ్వు వేయించండి సార్" అంది మేడం నీరసంగా. "పువ్వు భాగాలైనా చెప్పుకుంటాను."

"మందారమునందు కేసరములు బహిరంగముగా కనబడును" అన్నారాయన.

చివరికి చార్టు మీద 'కౌమార దశలో మార్పులు' అన్న శీర్షిక ఒక్కటే మిగిలింది. ఆయన దాన్ని చాలాసేపు చదివారు. "ఏ మార్పులు అని విద్యార్థులు ప్రశ్నించు ప్రమాదమున్నది" అన్నారు. శీర్షిక కూడా చెరిపేశాను. తెల్లటి అట్ట ముక్క మిగిలింది. జగదానందం గారు రెండడుగులు వెనక్కి వేసి చూసి, మా స్కూలుకి వచ్చిన తర్వాత మొదటిసారి నవ్వారు.

"ఇప్పుడు ఎవరికైనా అభ్యంతరమున్నదా?"

ఎవరికీ లేదు. దానికి ఫ్రేము కట్టించి, అద్దం వేయించి, పైన ఒక ట్యూబులైటు పెట్టి, ఆఫీసు గది పక్కన వరండాలో తగిలించాం. మౌఖిక వివరణ ఇచ్చి చార్టు స్ఫూర్తికి భంగం కలిగించరాదని మేడంకి విడిగా ఒక మెమో ఇచ్చారు.

జిల్లా పోటీలో అదే ప్రథమం వచ్చింది. మిగతా స్కూళ్ల చార్టుల్లో ఎక్కడో ఒకచోట తప్పులు దొర్లాయట. మా చార్టులో న్యాయనిర్ణేతలు ఎంత వెతికినా ఒక్క తప్పు దొరకలేదు. శాలువా కప్పాక నన్ను జిల్లా రిసోర్సు పర్సన్ చేశారు. జిల్లాలో ఉన్న డ్రాయింగు మాస్టర్లందర్నీ పిలిపించి, ఈ చార్టు ఎలా తయారుచెయ్యాలో నా చేత శిక్షణ ఇప్పించారు. ఒకాయన చెయ్యెత్తి, పెన్సిలు తెచ్చుకోవచ్చా అని అడిగాడు. తెచ్చుకోవచ్చు, చెక్కుకోవచ్చు, వాడకూడదు అని చెప్పాను. అలవాటు పోక ఇంకొకాయన అంచు చుట్టూ సన్నటి గీత గీశాడు. మధ్యాహ్నం పులిహోర పెట్టకముందే ఆయన చేత మళ్లీ చేయించారు.

తర్వాత పరీక్ష పెట్టారు. "మీ పాఠశాలలోని చార్టును పరిశీలించి, గ్రహించిన విషయములను రాయుము." తెల్ల కాగితం ఇచ్చినవాళ్లకి పూర్తి మార్కులు. మా స్కూలు నూటికి నూరు శాతం సాధించేదే. కానీ ఎనిమిదో తరగతి కుడుపూడి ప్రవల్లిక "చార్టు తెల్లగా ఉన్నది" అని రాసింది. అడగని పరిశీలన చేసినందుకు ఆ పిల్లకి మార్కులు కోశారు.

ప్రవల్లిక గురించి చెప్పాలి. మా స్కూలు ఖో-ఖో జట్టులో ఆ పిల్లని ముట్టుకున్నవాళ్లు లేరు. చేతికి అందినట్టే అంది, నడుం ఒంచి తప్పుకుని, అవతల కొసకి పోయి నవ్వుతుంది. జిల్లా సెలక్షన్లు దగ్గర్లో ఉన్నాయి. వాటిలో నెగ్గితే స్పోర్ట్సు స్కూల్లో సీటు, హాస్టలు, చదువు అన్నీ వస్తాయి. వాళ్ల నాన్న కొబ్బరికాయలు ఒలిచే కూలీ. వాళ్లింట్లో ఆ సీటు గురించి మాట్లాడని పూట లేదు.

ఒకరోజు లెక్కల పీరియడ్లో ఆ పిల్ల కడుపు పట్టుకుని లేచి, ఎవరితోనూ మాట్లాడకుండా తిన్నగా వరండాలోకి పరిగెత్తింది. ఏ సందేహం వచ్చినా చార్టు చూడమని రోజూ ప్రార్థనలో చెబుతున్నాం కదా. నేను గదిలోంచి వచ్చేసరికి చార్టు ముందు నిలబడి వెక్కి వెక్కి ఏడుస్తోంది. నిన్న ప్రాక్టీసులో పడ్డప్పుడు లోపల ఏదో తెగిపోయిందని, ఇంక బతకనని అనుకుందట. ఆ చార్టులో ఆ పిల్లకి కనిపించింది అద్దంలో తన మొహం ఒక్కటే. నా వృత్తిలో అంత చెడ్డ క్షణం ఇంకోటి లేదు.

స్వరాజ్యం మేడం పరుగున వచ్చి, పిల్లని దగ్గరికి తీసుకుని స్టాఫ్ రూములోకి తీసుకుపోయింది. కావలసినవి ఇచ్చింది. భయం లేదమ్మా అని నోరు తెరిచేలోగా విశ్వపతి గారు ఇంటికి కబురు పెట్టనే పెట్టారు. ఆటోలో నాయనమ్మ మాణిక్యమ్మ దిగింది.

"శుభవార్త మాణిక్యమ్మ గారూ! మీ మనవరాలు పెద్దమనిషయింది!" అన్నారు హెడ్మాస్టరు వరండా మొత్తం వినిపించేలా. గర్భాశయం అంటే కిటికీ వైపు చూసిన మనిషే ఈయన. మెట్ల మీదున్న పిల్లలందరూ చూస్తుండగా ప్రవల్లిక తల వంచుకుని ఆటో ఎక్కింది.

మా వైపు ఈ వేడుక ఎలా జరుగుతుందో తెలియనిది కాదు. పిల్లని చాప మీద కూర్చోబెడతారు, నువ్వుల చిమ్మిలి ఉండలు తినిపిస్తారు, తర్వాత ఊరంతటికీ భోజనాలు, సెంటర్లో ఫ్లెక్సీ. సాయంత్రాలు నేను మా బావమరిది ఫ్లెక్సీ షాపులో డిజైన్లు వేస్తుంటాను కాబట్టి ఆ పని కూడా నాకే వచ్చింది. 'చి. సౌ. ప్రవల్లిక పుష్పవతి అయిన శుభసందర్భంగా' అని మనిషి ఎత్తు అక్షరాలు. కింద శుభాకాంక్షలు తెలిపేవారి ఫొటోలు. హెడ్మాస్టరు గారి ఫొటో, దాని పక్కన జగదానందం గారి ఫొటో. తన ఫొటో చిన్నదైపోయిందని జగదానందం గారు షాపుకి ఫోను చేసి మరీ పెద్దది చేయించుకున్నారు. అక్షరాల మీద ఎటువంటి అభ్యంతరమూ వ్యక్తం చెయ్యలేదు.

పేరు సరిచూసుకుందామని వాళ్లింటికి వెళ్లాను. మాణిక్యమ్మ గుమ్మంలో నువ్వులు దంచుతోంది.

"ఇంక ఆ ఖో-ఖోలూ గీకోలూ కట్టిపెట్టమన్నానండి మాస్టారూ. ఈ వొయసులో పరిగెడితే గర్బసంచి జారిపోద్ది. సీటూ వొద్దు, గీటూ వొద్దు."

లోపల చాప మీద కూర్చున్న ప్రవల్లిక నన్ను చూసింది. కళ్లు వాచి ఉన్నాయి. "మాస్టారూ, నిజంగా జారిపోద్దాండి?"

నేను జిల్లా రిసోర్సు పర్సన్ని. ఈ విషయంలో శిక్షణ ఇచ్చినవాణ్ణి. నాకు తెలియదు.

"మేడం గార్నడిగి చెబుతానమ్మా" అన్నాను.

"మేడం గారు చెప్పకూడదంట కదండీ."

ఒళ్లు మండిపోయింది. శాలువా మీద, చార్టు మీద, నా మీద. తిన్నగా స్వరాజ్యం మేడం ఇంటికి వెళ్లి జరిగింది చెప్పాను. ఆవిడ కూర తరుగుతోంది. కత్తిపీట పక్కకి జరిపింది.

"చక్కగా పరిగెత్తొచ్చు మాస్టారూ. ఇప్పుడే వెళ్లి దాని చెవిలో చెప్పగలను. కానీ దానికొక్కదానికే చెబితే ఏం లాభం? రేపు గ్రౌండుకి పంపాల్సింది నాయనమ్మ. నాయనమ్మకి చెబితే పక్కింటివాళ్లు ఊరుకోరు. ఊరంతటికీ ఒక్కసారే చెప్పాలి."

"మెమో ఉంది కదండీ."

"మెమో స్కూలు ఆవరణకేనండి." ఆవిడ మొహం వెలిగింది. "ఊరంతా ఆదివారం ఎక్కడుంటుంది?"

ఆదివారం షామియానా కింద ఊరంతా ఉంది. ప్రవల్లిక పట్టు లంగా ఓణీలో, సింహాసనంలాంటి కుర్చీలో, దిగులు మొహంతో కూర్చుంది. ముందు వరుసలో సోఫా మీద విశ్వపతి గారు, జగదానందం గారు. అక్షింతలు వేశారు, ఫొటోలు దిగారు. వెనక బల్లల దగ్గర మా పదో తరగతి కుర్రాళ్లు బకెట్లతో వడ్డిస్తున్నారు. ఆశీర్వదించమని స్వరాజ్యం మేడం చేతికి మైకు ఇచ్చారు.

"అమ్మా ప్రవల్లికా, ముందు నీ అనుమానం తీరుస్తాను. గర్భసంచి అన్నది సంచిలా వేలాడుతూ ఉండదు. చుట్టూ కండరాలు, నరాల్లాంటి పట్టీలు దాన్ని గట్టిగా పట్టుకుని ఉంటాయి. పరిగెత్తితే జారదు. గెంతినా జారదు."

మేడం అక్కడితో ఆగలేదు. సర్వీసంతా దాచుకున్న పాఠం అది. నెలనెలా లోపలి పొర ఎలా తయారవుతుందో, ఎందుకు విడిపోతుందో చెప్పింది. అది చెడు రక్తం కాదంది. స్నానం చెయ్యొచ్చు, అన్నీ తినొచ్చు, ఓపికుంటే ఆడుకోవచ్చు, గుడ్డ గానీ ప్యాడు గానీ పూటంతా ఉంచుకోకూడదు, నొప్పి భరించలేకపోతే ఆస్పత్రికి వెళ్లాలి అంది. బకెట్లు పట్టుకుని నోరు తెరిచిన కుర్రాళ్ల వైపు తిరిగింది.

"మీకూనర్రా. గొంతు బొంగురుపోవడం జబ్బు కాదు, మీసం రావడం మగతనానికి సర్టిఫికెట్టూ కాదు. ఒకమ్మాయి మీద ఇష్టం పుట్టడం తప్పు కాదు. వద్దన్నాక వెంటపడటం తప్పు. అమ్మాయిలూ, మీ ఒంటి మీద ఎవరు చెయ్యేసినా, మీకిష్టం లేకపోతే గట్టిగా అరవండి. అయినవాళ్లయినా సరే."

జగదానందం గారు సోఫాలోంచి లేచారు. "మేడం! ఇది ఎంతమాత్రమూ సముచితము కాదు. అభ్యంతరకరము!"

"స్కూలు కాదు కదండీ సార్" అంది మేడం వినయంగా. "అభ్యంతరమైతే వెనక ఫ్లెక్సీ మీద మీ ఫొటో పైనున్న మాట ఒకసారి మైకులో చదవండి."

ఆయన వెనక్కి తిరిగారు. ఊరంతా ఆయనతోపాటు ఫ్లెక్సీ చూసింది. పువ్వుల మధ్య ఆయన ఫొటో నవ్వుతోంది. ఆయన చదవలేదు. కూర్చున్నారు. ఎవరో ఆయన చేతిలో కాజా పెట్టారు.

అప్పుడు మాణిక్యమ్మ లేచింది.

"మేడం గారూ, మరి జారదంటారా?"

"జారదండి."

మాణిక్యమ్మ ఇంకో అడుగు ముందుకొచ్చింది. "వొయసులో ఉన్నప్పుడు ఆ మూడ్రోజులూ కూడా నేను వరి కోతలకెళ్లేదాన్నండి. మోపులు నెత్తినెట్టుకుని గట్ల మీద నడిచేదాన్ని. అప్పుడెవరూ జారిపోద్దనలేదు. ఆగమన్నోడే లేడు." ఆమె గొంతు పెరిగింది. "అంటే పన్జేస్తే జారదు, ఆడుకుంటే జారుద్దా?"

ఆడవాళ్లలో ఎవరో పకపకా నవ్వారు. తర్వాత అందరూ నవ్వారు. తర్వాత ప్రశ్నలు మొదలయ్యాయి. నాకు ఇలా అవుతుంది, మా కోడలికి అలా అవుతుంది అంటూ మేడం చుట్టూ మూగారు. మా వడ్డన కుర్రాడొకడు సాంబారు బకెట్టుతోనే వచ్చి, మొటిమలు ఎప్పుడు తగ్గుతాయండీ అని అడిగాడు. అన్నాలు చల్లారిపోయాయి గానీ ఎవరూ పట్టించుకోలేదు. కుర్చీలో ప్రవల్లిక అప్పుడు మొదటిసారి చిమ్మిలి కొరికింది.

సోమవారం సంజాయిషీ కోరుతూ మెమో వచ్చింది. మా పాఠశాల ఆవరణలో కౌమార విద్యకు సంబంధించి ఎవరూ ఎవరికీ ఏమీ బోధించలేదని విశ్వపతి గారు ధ్రువీకరించి పంపారు. ఆయన సంతకం పెట్టిన కాగితాల్లో అంతకంటే నిజమైనది నేను చూడలేదు. పక్క ఊళ్ల నుంచి మేడంకి ఇలాంటి వేడుకల శుభలేఖలు రావడం మొదలైంది. ఒకాయనైతే, వీడియో అతను దొరక్కపోయినా సర్దుకుంటాం, మీరు మాత్రం తప్పకుండా రావాలి అని బతిమాలాడు.

సెలక్షన్లకి ప్రవల్లికని తీసుకుని నేనూ మాణిక్యమ్మా వెళ్లాం. గ్రౌండు పక్కన బల్ల వేసుకుని కూర్చున్న అధికారి కాగితాలు తిరగేశాడు.

"మధ్యలో ప్రాక్టీసుకి గైర్హాజరయినట్లు ఉన్నది. కారణం?"

"అంటే... అదేనండి..." అని నసిగాను. ఆయనకి విషయం అర్థమైనట్టుంది, చెవులు ఎర్రబడ్డాయి. "సరే, జ్వరమని రాసుకుంటానులెండి" అంటూ రాసేశాడు.

"జొరమేంటండీ?" అంది మాణిక్యమ్మ. "మా పిల్లకి జొరమెక్కడొచ్చింది? నెలసరొచ్చింది. కొట్టేసి సరిగ్గా రాయండి."

చుట్టూ ఉన్నవాళ్లు ఇటు తిరిగారు. ఆయన పెన్ను గాల్లో ఆగిపోయింది. దిక్కుతోచక నా వైపు చూశాడు.

"రాయండి సార్" అన్నాను. "నెలసరి."

ఆయన జ్వరాన్ని కొట్టేసి, చేత్తో అడ్డం పెట్టుకుని ఆ మాట రాస్తున్నాడు. మాణిక్యమ్మ అది చూడటం లేదు. అప్పటికే విజిల్ పడింది. ఆమె గ్రౌండు చుట్టూ కట్టిన తాడు దాకా వెళ్లి, కొంగు నడుముకి బిగించి, గ్రౌండంతా వినిపించేలా అరిచింది.

"పరిగెట్టవే! ఏం జారదు!"